పసుపు నీళ్ళు చల్లిన దయ్యం

మామగారు మునివెంకటప్ప రాత్రంతా దగ్గి ఉమ్మిన ఇత్తడి తొట్టిని పెరట్లోకి తెచ్చి, బూడిద పోసి పీచుతో తోమడం పంకజాక్షి రోజులో మొదటి పని. కళ్ళె ఒక పట్టాన వదలదు. నీళ్ళు పోస్తే జారినట్టే జారి, ప్రాణమున్నదానిలా మళ్ళీ అంచుకు చుట్టుకుంటుంది. పెళ్ళయిన కొత్తలో ఇది చేసి వచ్చాక అన్నం సయించేది కాదు. తర్వాత దీన్నే కథలో పెట్టింది. పాడుబడిన జమీందారు బంగళా, గోడలోంచి పచ్చగా జిగటగా కారే తడి, ఆ తడిలోంచి మొలిచే ఆడదాని చెయ్యి. మద్రాసు మాసపత్రికలో అది సీరియల్‌గా వస్తుంటే, దీపం ఆర్పడానికి భయపడుతున్నామని పాఠకులు ఉత్తరాలు రాశారు. "ఇంత భయంకరమైన ఊహలు మీకెలా వస్తాయండీ?" అని అడిగేవాళ్ళే అందరూ. ఊహ ఎక్కడిది? తోమే చేతిని చూసుకుంటే చాలు.

పూతలపట్టు దగ్గర పల్లెలో, వాళ్ళ ఇంట్లో బి.ఏ. దాకా చదివిన మొదటి మనిషి పంకజాక్షి. అలిపిరి రోడ్డులోని ఈ అత్తగారింట్లో ఆ చదువుకు దొరికిన చోటు పెరటి చివర, కట్టెల కొట్టు పక్కనున్న గది. నెలకు మూడు రోజులు బయట చేరినప్పుడు చాప, చెంబు, కంచం ఇచ్చి అక్కడ కూర్చోబెడతారు. వంట లేదు, తొట్టి లేదు, పిలుపు లేదు. ఆమె ముట్టుకున్నది ఎవరూ ముట్టరు గనక కాగితాలూ భద్రమే. నెలకో భాగం ఆ మూడు రోజుల్లోనే రాసేది. తలస్నానం చేసి లోపలికి వచ్చేటప్పుడు అత్తగారు జ్ఞానాంబ చీరెల మీద చల్లినట్టే కాగితాల మీదా పసుపు నీళ్ళు చల్లేది. "కాగితానికి మైల ఉండదత్తా" అంటే, "దయ్యాల కాగితానికి రెండింతలు ఉంటాది, నోరు మూసుకో" అనేది. సిరా అలుక్కుపోయిన ఆ మరకలు చూసి సంపాదకుడు, "దయ్యం కథను కూడా పెళ్ళిపత్రికలా పసుపు పెట్టి పంపుతారే, మీ ఇంటి సంస్కారం గొప్పది" అని మెచ్చుకుంటూ రాశాడు. ఆమెకు నవ్వు రాలేదు. మైలదని తోసేసిన చోటే తనకు మిగిలిన ఏకాంతం. అలా తోసేసే రోజు కోసం తనే ఎదురుచూస్తోంది. ఈ రెండింటిలో ఏది ఎక్కువ అసహ్యమో తేల్చుకోలేకపోయింది.

ఈ ఎండాకాలం ఆ మూడు రోజులు కూడా పోయాయి. సెలవులని కొండకు వచ్చే చుట్టాలు, ఒక గుంపు బస్సెక్కితే ఇంకో గుంపు దిగుతోంది. "ఇంటినిండా జనముంటే నువ్వు బయట చేరితే యాడ కుదురుతాది? సెలవులయ్యేదాకా మాత్రలేసుకో" అంది జ్ఞానాంబ. ముట్టును వెనక్కి జరిపే ఆ మాత్రలను భర్త దామోదరమే మందుల షాపులో తెచ్చి, ప్రసాదం పెట్టినట్టు అరచేతిలో పెట్టాడు.

"మరి నా సీరియలు?" అంది.

"మాత్ర నీకు గదే, నీ దయ్యాలకు కాదు. అవి యాడికి పోతాయి?" అని నవ్వాడు. ఆడోళ్ళు సంసారం కథలు రాస్తారు, నువ్వేందే పీనుగుల్ని పట్టుకున్నావు అని మొదట్లో ఈసడించిన మనిషి. ఆఫీసులో మాత్రం "ఆ దయ్యాలావిడ మా ఇంటిదే" అని చెప్పుకుని కాఫీలు తాగివస్తాడు.

మాత్రలు మొదలుపెట్టిననాటి నుంచీ ఆమెకు నోట్లో తుప్పు రుచి, కాళ్ళకు పొంగు, పోపు వాసనకే వాంతి. మధ్యాహ్నం పూట కాగితం ముందేసుకుంటే, "బయట లేవు గదా, ఏం పోయేకాలం? పప్పు రుబ్బు" అని కేక. రెండు నెలలు సీరియల్ ఆగిపోయింది. ఆఖరి భాగం ఈ వారంలో అందకపోతే ఇంకో రచయిత చేత ముగిస్తామని సంపాదకుడు రాశాడు. ఎలా ముగిస్తారో కూడా రాశాడు. గోడలోని ఆడదాన్ని మంత్రగాడు సీసాలో బంధిస్తాడట. జమీందారు ఆ బంగళాకు సున్నం కొట్టించి కాపురానికి దిగుతాడట. ఆ గోడలోంచి ఆమెను వేలు వేలుగా బయటికి లాగుతూ వచ్చింది పంకజాక్షి. ఇంకొక్క భాగం రాస్తే బయటపడేది.

ఆ రోజు కుప్పం నుంచి ఆడబిడ్డ దేవకమ్మ కుటుంబమంతా వచ్చారు. చంటిబిడ్డ పుట్టెంటికలు కొండమీద తీయించి, దిగి వచ్చి భోజనాలకు కూర్చున్నారు.

"ఏం దయ్యాలమ్మా, సాంబారులో ఏలూ గీలూ ఏసినావా?" అన్నాడు దేవకమ్మ భర్త చెంగల్రాయుడు. అందరూ పగలబడి నవ్వారు.

"తిని నువ్వే సెప్పన్నా" అంది పంకజాక్షి వడ్డిస్తూ.

"అదుండనీ, మా నాయన తొట్టి తోమిన చేయి బాగా కడుక్కున్నావా పంకజా?" అని దేవకమ్మ ముక్కు చిట్లించింది. ఆ తొట్టిని కన్నకూతురు ఏనాడూ ముట్టలేదు.

మగవాళ్ళు లేచారు. "మొగుడి ఆకు అట్లే ఉంచినా, కూసో" అంది జ్ఞానాంబ. భర్త తిన్న ఆకులోనే పెళ్ళాం తినడం ఆ ఇంటి ఆచారం. ఇన్నేళ్ళూ పంకజాక్షి చూడకుండా తినేసింది. ఈ రోజు చూసింది. నమిలి ఊసిన మునక్కాడ పిప్పి, మజ్జిగలో నాని ఉబ్బిన సగం కొరికిన వడ, ఆకు మీద అతని అయిదు వేళ్ళూ ఈడ్చిన జిగట. తను రాసిన గోడ కూడా ఇంత అసహ్యంగా లేదనిపించింది. ఆకు మడిచి పెరట్లో పారేసింది. చేతులు కడుక్కుని నట్టింట్లోకి వచ్చింది. దామోదరం రాసుకునే బల్ల మీదున్న చుట్టాల సంచులు దించి కిందపెట్టి, కుర్చీ లాక్కుని, కాగితం పరుచుకుని రాయడం మొదలుపెట్టింది.

"ఏమే! బయట చేరినావా? మాత్ర పనిచేయలేదా?" చేతిలో కలం చూసి జ్ఞానాంబ గుమ్మంలోనే ఆగిపోయింది. "చేరినదానివి నట్టింట్లో కుర్చీ ఎక్కితివే!"

దేవకమ్మ చంటిబిడ్డను గబుక్కున ఎత్తుకుంది. దామోదరం కాళ్ళు ముడుచుకున్నాడు. చెంగల్రాయుడు తిన్న కడుపు మీద చెయ్యి వేసుకుని, వడ్డించిన మనిషి వంక అనుమానంగా చూశాడు.

ఊ అంటే చాలు. చాప, చెంబు, గది, మూడు రోజులు. ఆఖరి భాగం పూర్తయిపోతుంది, ఎవరితోనూ తగువుండదు. ఆ మాట నాలుక దాకా వచ్చింది కూడా. అంతలోనే దాన్ని మింగేసింది. నాలుగు వాక్యాలు రాసుకోవడానికి తన ఒంటి రక్తం వచ్చి సాక్ష్యం చెప్పాలా?

"లేదత్తా, బయట చేరలేదు" అంది పంకజాక్షి కలం ఆపకుండా. "శుద్ధంగానే ఉండాను. రాసుకుంటా ఉండాను."