నర్మద చేతి వాచ్

నా భార్య నర్మద తల్లిగారింటి చీర లేకుండా కాలింది. దానికి కారణం ఆమె తమ్ముడు భూపాల్.

మా దిక్కు ముత్తైదువ పోతే అన్నదమ్ములు చీర తెస్తారు. ఆ చీర కప్పి పాడె ఎత్తుతారు. భూపాల్ కూడా తెచ్చాడు. పసుపు చీర, ఎర్రంచు. నేను దాన్ని గడప దాటనివ్వలేదు. దొంగ తెచ్చిన చీర నా భార్య మీద పడకూడదని నలుగురిలో చెప్పాను. అతను చీర చంకన పెట్టుకుని వాకిట్లోనే నిలబడ్డాడు. మేం పాడె ఎత్తాం.

దొంగతనం వాచ్‌ది.

నర్మదకు గుండె జబ్బు. రోజుకు నాలుగు వేల అడుగులు నడవాలని డాక్టర్ చెప్పాడు. నడిచిందో లేదో తెలియాలి కదా. అబిడ్స్‌లో ఒక స్మార్ట్ వాచ్ కొన్నాను. ఆమెది మీటల ఫోన్, దానికి కలవదు. నా ఫోన్‌కే కలిపించాను. వాచ్‌కు ఏం పేరు పెట్టమంటారని దుకాణం వాడు అడిగితే ‘నర్మద’ అని పెట్టించాను. నేను నాంపల్లిలో కాగితాల గోదాంలో పని చేస్తాను. సాయంత్రం ఇంటికి రాగానే వాచ్ నా ఫోన్‌ను అందుకునేది. ఆ రోజు ఎన్ని అడుగులు నడిచిందో ఫోన్‌లో కనబడేది. తక్కువైతే అడిగేవాణ్ణి. అడగడం తప్పు కాదు.

ఒక రోజు తొమ్మిది వేలు చూపింది. మెచ్చుకున్నాను. తర్వాత తెలిసింది, వాచ్ తీసి పక్క వాటా పిల్ల చేతికి కట్టి ఆడుకొమ్మని పంపిందని. వారం రోజులు ఆమెతో మాట్లాడలేదు.

జబ్బు ముదిరాక మేం కిరాయికుండే గదికి దగ్గర్లోనే ఒక దవాఖానలో చేర్చాను. గోదాంలో స్టాకు దిగే రోజులు, సెలవు దొరకలేదు. పగలు భూపాల్ కూర్చున్నాడు. సాయంత్రం నేను పోయేవాణ్ణి. రెండో రోజు సాయంత్రం ఫోన్ ఆరు వందల పన్నెండు అడుగులు చూపింది. పండుకొమ్మంటే వార్డంతా తిరుగుతున్నావా అని అడిగాను. ఆమె గోడ వైపు తిరిగింది. మర్నాడు మధ్యాహ్నం పోయింది.

దవాఖాన వాళ్ళిచ్చిన సంచిలో పుస్తెలతాడు, మట్టెలు, కళ్ళజోడు ఉన్నాయి. వాచ్ లేదు. పగలంతా దగ్గరున్నవాడు ఒక్కడే. ఇంటి ముందు, చుట్టాలందరూ చూస్తుండగా, భూపాల్ జేబులు వెతికించాను. చేతులు పైకెత్తి వెతకనిచ్చాడు. తీశావా లేదా చెప్పమన్నాను. ఔననలేదు, కాదనలేదు. తీయనివాడు తీయలేదని చెబుతాడు. ఎవరైనా అలాగే అనుకుంటారు.

పదకొండు నెలలు అతని ముఖం చూడలేదు.

మాకు పిల్లలు లేరు. ఆదివారాలు ఇంట్లో పని ఉండదు. చాలా ఏళ్ళుగా ఆదివారం పూట అబిడ్స్ ఫుట్‌పాత్ మీద పట్టా పరిచి పాత స్కూలు పుస్తకాలు, గైడ్లు పెట్టి అమ్ముతాను. నా పక్కన కరుణాకర్ ఇంగ్లిషు నవలలు పెడతాడు. వాడి నోరు ఊరుకోదు.

ఆ ఆదివారం కూడా మొదలుపెట్టాడు.

“ఏంది పెంటన్నా, నీ మొఖం జూసి గిరాకి పక్కకెళ్ళి పోతున్నది. జర నవ్వు.”

“నవ్వితే గైడ్లు కొంటరా?”

“నవ్వకుంటె ఎట్లాగూ కొంటలేరు గద.”

అప్పుడు జేబులో ఫోన్ వణికింది. తీసి చూశాను. ‘నర్మద కనెక్ట్ అయింది’ అని ఉంది.

ఆ వాచ్‌ను నేను ఫోన్‌లోంచి తీయలేదు. తీయడం రాదని అడిగినవాళ్ళకు చెప్పేవాణ్ణి. వచ్చు. తీయలేదు.

తెరిచి చూస్తే గుండె కొట్టుకునే లెక్క కూడా వస్తోంది. ఎనభై ఆరు. కాసేపటికి ఎనభై నాలుగు. వాచ్ ఎవరి చేతికో ఉంది. ఆ మనిషి ముప్పై అడుగుల లోపలే ఉన్నారు. అంతకు మించితే ఫోన్ అందుకోదు. భూపాల్ అమ్ముకుని ఉంటాడు, కొన్నవాళ్ళు దొరికారు, ఇక అతన్ని నిలదీయవచ్చు అనుకున్నాను. లేచి చుట్టూ చూశాను. ఫుట్‌పాత్ నిండా జనం. సగం మంది చేతులకు నల్లటి వాచీలే.

ఫోన్‌లో వాచ్‌ను వెతికే మీట ఒకటుంటుంది. నొక్కితే వాచ్ మోగుతుంది. నొక్కాను.

నా పట్టా ముందే కూర్చుని ఏడో తరగతి లెక్కల గైడు తిరగేస్తున్న ఆడమనిషి ఉలిక్కిపడి చేయి దులిపింది.

“అమ్మో, గిదేంది, గిట్లెన్నడు మొత్తుకోలే!”

“ఆ వాచ్ యాడిది?” అన్నాను.

“నీకెందుకయ్యా? పుస్తకాలమ్ముతవా, వాచీలడుగుతవా?”

“అది నా భార్యది.”

ఆమె తలెత్తి చూసింది. చూపు మారింది. “నువ్వు నర్మదక్క పెనిమిటివి గద? నాలుగో బెడ్డు. నేను సునందను, గా దవాఖానల ఆయమ్మను. నన్ను జూసే ఉంటవు, యాదికుండది.”

కరుణాకర్ పుస్తకాలు దాటుకుంటూ వచ్చాడు. “అన్నా, దొంగ దొరికిందా?”

“ఎవరయ్యా దొంగ? నోరు మంచిగ రానియ్యి!” సునంద లేచి నిలబడింది. “నర్మదక్క తన చేతులతోని ఇచ్చింది. పానం పోయిన రోజు పొద్దుగాల. నేను వద్దనే అన్న. ‘తీస్కో సునందా, గిది నా చేతికుంటె మా ఆయన దవాఖానల గూడ నా ఎంబడే తిరుగుతున్నట్టుంటది. బాత్రూంకు పోయొచ్చినా లెక్క జెప్పాలె. ఒక్క రోజన్న నా నడక నేను నడుస్త’ అన్నది.”

కరుణాకర్ నవ్వబోయి నా ముఖం చూసి ఆపుకున్నాడు.

“అబద్ధం,” అన్నాను.

“అబద్ధమాడితె నాకేమొస్తది? నీ బామ్మర్ది గాడనే ఉండె, అడుగు పో. ‘అక్కా, బావ అడిగితె ఏం జెప్తవ్’ అన్నడు. ‘యాడనో పడిపోయిందని జెప్త. నువ్వు మాత్రం నోరిప్పకు, మల్ల లొల్లయితది’ అని తన నెత్తి మీద చెయ్యి పెట్టించి ఒట్టేయించుకున్నది.”

గైడు కొనడానికి ఎవరో వచ్చి ధర అడిగారు. కరుణాకర్ వాళ్ళను పంపించేశాడు.

సునంద వాచ్ విప్పి నా ముందు పట్టింది. “తీస్కో అన్నా. తెల్వక పెట్టుకున్న. నాకొద్దు గీ పంచాయితి.”

“ఇచ్చింది ఇచ్చింది. ఉంచుకో.”

“ఉంచుకుంటె ఏం ఫాయిదా, టైం జూస్కోవడానికే పనికొస్తున్నది. మా బిడ్డ స్నేహ ఫోన్‌కు కలుపుదామంటె కలుస్తలేదు. పాత ఫోన్లకెళ్ళి తీస్తెనే అయితదని దుకాణంల జెప్పిన్రు. నీ ఫోన్లకెళ్ళి తీసేస్తవా మరి?”

తెరిచాను. ‘పరికరాన్ని తొలగించు’ అన్నది అన్నింటికన్నా కింద ఉంది. నొక్కితే, తొలగిస్తే ఇందులో ఉన్నదంతా చెరిగిపోతుంది, సరేనా అని అడిగింది. ఉన్నదంతా అంటే ఏడు నెలల అడుగులు. ఒకసారి వెనక్కి వచ్చి చూశాను. నర్మద చేతికున్నప్పటి చివరి వరసలో ఆరు వందల పన్నెండు ఉంది. ఆ తర్వాత పొద్దున ఆమె ఎన్ని అడుగులు నడిచిందో ఎందులోనూ లేదు.

సరే అని నొక్కాను. నర్మద పేరు పోయింది. సునంద చేతిలో వాచ్ ఒకసారి ఆరి వెలిగింది. ఆమె గైడు కొని వెళ్ళింది. ధర తగ్గించమని అడగలేదు. నేను తగ్గించలేదు.

“అన్నా,” కరుణాకర్ మెల్లగా అన్నాడు, “రేపే పో. భూపాలన్న కాళ్ళ మీద పడు. నీకేం తక్కువ గాదు.”

“నీ నవలలు ఎండకు రంగు పోతున్నయ్. జూస్కో.”

సోమవారం మధ్యాహ్నం భోజనానికి వదిలినప్పుడు నాంపల్లి నుంచి నడిచి బేగం బజార్ పోయాను. భూపాల్ అక్కడ స్టీలు సామాను దుకాణంలో గుమాస్తా. కాంటా మీద పళ్ళేలు తూస్తున్నాడు. నన్ను చూసి లేచాడు. స్టూలు తుడిచి వేశాడు.

“రా బావా, కూసో. మంచిగున్నవా? పెయ్యంత గుంజుకపోయింది, సగమైనవ్.” బయటికి కేకేసి చాయ్ తెప్పించాడు.

“వాచ్ సంగతి ఆ రోజు ఎందుకు జెప్పలే?”

“ఏ వాచ్?”

“నర్మదది. ఆయమ్మకిచ్చిందట. నువ్వు జూసినవట. సునంద కలిసింది.”

అతను పళ్ళేలు ఒకదాని మీద ఒకటి సర్దాడు. “నాకు తెల్వదు బావా. నేనేం జూడలే.”

“ఒట్టేయించుకున్నదంట.”

“సునంద ఏం జెప్పిందో నాకెరుక లేదు. మా అక్క ఎవరికేమిచ్చిందో నాకు తెల్వదు.” అప్పుడు నన్ను సూటిగా చూశాడు. జేబులు వెతికించుకున్న రోజు కూడా అలాగే చూశాడు. “చాయ్ తాగు బావా, సల్లారుతున్నది.”

నేను అనవలసిన మాట ఒకటుంది. అది నాకు తెలుసు. నోటిదాకా వచ్చింది. కాంటా దగ్గర ఇద్దరు గిరాకులు నిలబడి ఉన్నారు. వాళ్ళు లేకపోయినా అనేవాణ్ణి కాదు. గ్లాసు కింద పెట్టి లేచాను.

“పోతున్నవా?”

“ఔ.”

“మల్ల రా.”

నేను నాంపల్లి దారి పట్టాను.

దారిలో ఆలోచించాను. ఆ రోజు వాకిట్లో అతను ఒక్క మాట అని ఉంటే చీర లోపలికి వచ్చేది. అక్కకిచ్చిన మాట నిలబెట్టుకున్నాడు, అక్కను మాత్రం చీర లేకుండా పంపాడు. ఆ మాట విప్పితే చుట్టాల ముందు పోయేది నా పరువే. దాన్ని కాపాడమని నేను అతన్ని అడగలేదు. నేను చేసింది నేను చేశాను. మన్నించమని అడగను. అతన్ని మన్నించను.

తర్వాతి ఆదివారం నేను ఇంకా పట్టా పరవకముందే కరుణాకర్ అడిగాడు.

“పోయినవా అన్నా? ఏమన్నడు?”

“ఏమనలే.”

“నువ్వేమన్నవ్?”

“కరుణాకర్, ఇంకొక్కసారి ఆ ముచ్చట తీస్తె నేను పోయి జీపీవో ముందట కూసుంట. ఈడికి మల్ల రాను.”

వాడు నోరు మూసుకున్నాడు. జరిగింది ఇంతే. రాయడం ఇదొక్కసారే. ఇకమీదట ఎవరడిగినా ఈ మాట నేను ఎత్తను.