నిన్నటక్క అభ్యంతరం

మిమ్మల్ని ఎవరైనా ఒక మాట అడిగి, జవాబు వినకుండానే "అభ్యంతరం లేదు" అని రాసుకుని వెళ్ళిపోయారా ఎప్పుడైనా? వెళ్ళే ఉంటారు. మీకు తెలిసి ఉండదు, అంతే.

ఓ వీధి చివరి మేడ మీద, ఒంటిగదిలో, బట్టలు కుట్టే ఆవిడ ఉండేది. పొద్దున్నే అత్తకి టీ పెట్టి, మిషన్‌కి నూనె వేసి, కిటికీ పక్కన కూర్చునేది. ఆవిడ మాట ఒక రోజు ఆలస్యంగా వినిపించేది. ఇవాళ పెదవులు కదిలితే, రేపు అదే వేళకి, అదే చోట గొంతు పలికేది. అందుకే అందరికీ ఆవిడ నిన్నటక్క. కూరగాయలతను బేరానికి ఒకరోజు ముందే రమ్మనేవాడు. జాకెట్టు కోసం వచ్చినవాళ్ళు, నిన్న ఇంకెవరికో చెప్పిన "గుండీలు కుట్టలేదమ్మా" విని వెనక్కి మళ్ళేవాళ్ళు. వాళ్ళ జాకెట్టుకీ కుట్టి ఉండేది కాదు లెండి.

"నిన్న నన్ను తిట్టావటే? ఇప్పుడు వినపడుతోంది. నిన్నటి తిట్టుకి నేను ఇవాళ అలగాలా?" అనేది అత్త.

కోడలి పెదవులు కదిలేవి.

"ఏమన్నావో రేపు విని, అప్పుడు చెప్తా నీ పని."

కొన్నేళ్ళకి నిన్నటక్కకి తన గొంతే ఎవరిదోలా వినిపించసాగింది. నిన్న అంత కోపం ఎందుకొచ్చిందో ఇవాళ గుర్తుండేది కాదు. చేతులు మాత్రం కుట్టుకుంటూ పోయేవి.

ఒకరోజు ఇంటి ఓనరు, సెల్ టవర్ కంపెనీ మనిషి, ఓ అధికారి మేడెక్కారు. టవర్ లేచేది సరిగ్గా ఆ గది ఉన్నచోటే. గది కొట్టేయాలి.

"అభ్యంతరం ఉన్నవాళ్ళు చెప్పండి," అన్నాడు అధికారి.

వాళ్ళ వెంట వచ్చిన వీధంతా మెట్ల మీద వద్దనే గొణిగింది. పైకొచ్చాక ఎవరూ నోరు విప్పలేదు. నిన్నటక్క ఒక్కతే పెదవులు కదిపింది. అధికారి ఆవిడ వంక కాసేపు చూసి, "లేదు" అని రాసుకున్నాడు.

మర్నాడు అదే వేళకి మేడ మీద "నేను ఒప్పుకోను, అత్తని తీసుకుని ఎక్కడికి పోవాలి?" అని గొంతు లేచింది. ఇనుప కడ్డీలు దించుతున్న కూలీలు కాస్త పక్కకి జరిగి, మళ్ళీ దించారు.

ఓ కుర్ర లాయరమ్మ నిన్నటక్క తరఫున కేసు వేసింది. ప్రతి వాయిదాకీ కంపెనీ లాయరుది ఒకటే పాట: "అడిగినప్పుడు నోరెత్తలేదు కదండీ."

విసిగిపోయిన జడ్జిగారు, "సోమవారం ఆవిణ్ణే అడుగుదాం. జవాబు లేకపోతే కేసు కొట్టేస్తాను," అన్నారు.

ఆఫీసుకి తిరిగొచ్చి లాయరమ్మ తలపట్టుకుంది. "అక్కా, సోమవారం నువ్వన్నది మంగళవారం వినిపిస్తుంది. అప్పటికి గది ఉండదు!"

జవాబు మర్నాడు అదే ఆఫీసులో, అక్క కూర్చుని వెళ్ళిన ఖాళీ కుర్చీలోంచి వచ్చింది. "ఆదివారం కోర్టు తాళం తీయించమ్మా."

కోర్టు బంట్రోతు బెట్టు చేయలేదు. ఆయన తొడుక్కున్న యూనిఫాం నిన్నటక్క కుట్టిందే. ఏ వేళకి అడుగుతారో ఆవిడకి తెలియదు. ఏమడుగుతారో తెలుసు, వాళ్ళ ప్రశ్న ఎన్నడూ మారలేదు. బోనెక్కి, ఖాళీ బెంచీల ముందు, పొద్దుట్నించి సాయంత్రం దాకా అవే రెండు మాటలకి పెదవులు కదిపింది. కోపం లేదు, ఏడుపు లేదు. చీరకి అంచు కుడుతున్నట్టు కదిపింది.

సోమవారం బోనులో నోరు బిగించుకుని నిలబడింది. కంపెనీ లాయరు లేచాడు.

"అయ్యా, వీళ్ళందరినీ అడిగాం..."

"అడిగారు. వినలేదు," అంది గొంతు.

"అంటే, పద్ధతి ప్రకారం..."

"అడిగారు. వినలేదు."

ఆయన దగ్గాడు. "అడిగారు. వినలేదు." జడ్జిగారు మంచినీళ్ళు తాగుతున్నంతసేపూ అదే. టైపిస్టు, వినిపించింది కనక, ప్రతిసారీ కొడుతూ పోయాడు.

జడ్జిగారు గ్లాసు కింద పెట్టారు. "విన్నాను," అన్నారు. గది జోలికి వెళ్ళొద్దని స్టే ఇచ్చారు.

అందరూ వెళ్ళిపోయినా గొంతు ఆగలేదు. "విన్నాంలే అక్కా," అంటూ బంట్రోతు ఫ్యాన్లు కట్టేశాడు.

గది నిలబడింది. ఆ ఇనుప కడ్డీల మీద అత్త ఇప్పుడు బట్టలారేస్తోంది. నిన్నటక్క సంతోషించిందా అంటే, ఆ సంగతి ఇంకా వినిపించలేదు.

కంపెనీ మాత్రం ఊరుకోలేదు. పక్కవీధి మేడలు కొలుస్తోంది. తర్వాత మీదే. రేపు మెట్లెక్కి వచ్చి అడుగుతారు. మీ గొంతు ఎన్ని రోజులు ఆలస్యమో నాకు తెలియదు. అందుకని ఇవాళే మేడెక్కండి. మెట్ల మీద గొణిగింది పైన నిలబడి అనండి.