తన్ను తానే జోకొట్టుకున్న పిల్ల

నేను ఒక మంచాన్ని. పట్టెమంచం అనగానే జమీందారుల ఇంట్లోదని అనుకోకండి. నా కాళ్లూ పట్టెలూ ఒకప్పుడు మగ్గం కర్రలు. చీరాల పక్కన నేతపేటలో దేవరాజు అనే నేతగాడి తండ్రి బతికినన్నాళ్లూ నేసిన గుంటమగ్గం అది. ఆయన పోయాక సగం చెదలు తినేశాయి, మిగిలిన సగాన్ని దేవరాజు వడ్రంగికిచ్చి పసికూతురికి మంచం చేయించాడు. నన్ను నున్నగా చిత్రిక పట్టలేదు, రంగు పుయ్యలేదు. నాకేం బాధ లేదు. నున్నగా ఉండేవాటిని నేను నమ్మను.

దేవరాజు తల్లి చౌడమ్మ ఆ రోజే మొహం ముడుచుకుంది. ఆ ఇంట్లో మగ్గానికి దణ్ణం పెట్టుకున్నాకే గుంటలో దిగుతారు. పొరపాటున కర్రకి కాలు తగిలితే కళ్లకద్దుకుంటారు. అలాంటి కర్ర మీద పడుకోవడమేంటని గొణిగింది. కొడుకు వినలేదు.

పిల్ల పేరు వనజ. పారాడే వయసులో నా మీదికొచ్చింది. మధ్యాహ్నం పాలు తాగి, రెప్పలు వాలే వేళకి, మోకాళ్ల మీద లేచి ముందుకీ వెనక్కీ ఊగడం మొదలెట్టేది. నుదురు నా తలవైపు పలకకి తగిలేది. టక్, టక్, టక్. పక్కగదిలో తండ్రి కొత్త మగ్గం చప్పుడు, ఇక్కడ కూతురి చప్పుడు. ఏడుపు లేదు, మొహంలో నొప్పి లేదు. ఎవరు నేర్పారు ఆ తాళం? ఎక్కడా తప్పదు. అలా ఊగి ఊగి, పడవ ఒడ్డుకి చేరినట్టు పక్కకి ఒరిగి నిద్రపోయేది. ఎండిన చెక్కని నేను, నాకే ఒళ్లు జలదరించేది.

మాటలొచ్చి, పరుగులు నేర్చినా ఊగడం మానలేదు. నుదురు కమిలింది. చౌడమ్మ తీర్పు చెప్పేసింది.

"మీ నాన్న ఆ కర్రలోనే ఉన్నాడురా. మనవరాలి చేత నేయిస్తన్నాడు."

పేటంతా నమ్మింది. బతికుండగా ఆ మనిషికి ఒక్కపూట విశ్రాంతి ఇచ్చినవాళ్లు లేరు. చచ్చాక కూడా ఆయన పనిలోనే ఉండాలి వీళ్లకి! నన్ను ఈడ్చుకెళ్లి పెరట్లో వంటచెరుకు పక్కన పడేశారు. పిల్లని నాకు కనపడే పెరటి వసారాలో చాప మీద పడుకోబెట్టారు.

పిల్ల చాప మీదా ఊగింది. ఈసారి గోడకి కొట్టుకుంది.

నా తప్పు లేదని తేలిపోయింది కదా, ఒక్కరైనా నా వైపు చూశారా? లేదు. నేరం మాత్రం మారింది. పూనకమో మూర్ఛో, రెంటికీ మందొకటే అంది చౌడమ్మ, కాల్చిన పసుపుకొమ్ముతో నుదుట వాత. దేవరాజు తల దించుకుని సరేనన్నాడు. పిల్లకి ఏమవుతుందోనన్న భయం అతన్ని నోరెత్తనివ్వలేదు.

మర్నాడు మధ్యాహ్నం వనజ ఊగుతోంది. చౌడమ్మ దీపం దగ్గర కూర్చుని కొమ్ము కాలుస్తోంది. కాలుస్తూ, కులదేవత చౌడేశ్వరిని తలుచుకుంటూ, తనూ ముందుకీ వెనక్కీ ఊగుతోంది. ఆవిడకి వాత పెట్టేవాళ్లు ఎవరూ లేరు మరి. కొమ్ము కొస ఎర్రబడింది. లేచింది.

కోడలు మాణిక్యం పిల్లకి అడ్డంగా వచ్చి కూర్చుంది. ఆ ఇంట్లో గొంతెత్తి ఎరగని మనిషి. కూతురి వైపు తిరిగి మెల్లగా పిలిచింది.

"వనజా."

ఊపు ఆగింది. పిల్ల కళ్లు తెరిచి అమ్మని చూసింది. "ఏంటమ్మా?" అంది, నిద్ర చెడగొట్టినందుకు విసుగ్గా.

మాణిక్యం అత్త వైపు తిరిగింది. "పూనినోళ్లు పిలిస్తే పలుకుతారా అత్తా?"

చౌడమ్మ చేతిలోనే కొమ్ము చల్లారి నల్లబడింది.

పిల్లని పెద్దాసుపత్రిలో చూపించుకొచ్చి, నా పక్కనే అంట్లు తోముతూ మాణిక్యం పక్కింటావిడకి అంతా చెప్పింది. పిల్లల డాక్టరమ్మ ఎన్నో అడిగిందట, పగలు ఆటపాటల్లో బాగుంటుందా, కొయ్యబారుతుందా, నురగ కక్కుతుందా, పిలిస్తే ఆగుతుందా అని. అక్కడే బల్ల మీద నిద్రపుచ్చమని దగ్గరుండి చూసిందట. చూసి, "ఇది మూర్ఛ కాదమ్మా. నీ కూతురు తన్ను తానే జోకొట్టుకుంటోంది" అందట. చాలామంది చంటిపిల్లలు ఇలా చేస్తారనీ, ఎక్కువమందికి బడికెళ్లే వయసుకి దానంతటదే పోతుందనీ, దెబ్బ తగలకుండా చూసుకోమనీ, పెద్దదయ్యేకొద్దీ తగ్గకపోయినా, గట్టిగా దెబ్బ తగిలినా మళ్లీ తీసుకురమ్మనీ చెప్పిందట.

దేవరాజు నన్ను మళ్లీ లోపలికి మోశాడు. గోడకి దూరంగా వేసి, తలవైపు పలకకి పాత దుప్పట్లు మందంగా చుట్టి కట్టాడు. టక్ అన్నది ధప్ అయింది. చౌడమ్మ పైకి ఏమీ ఒప్పుకోలేదు, కానీ ఆ కట్లు వదులైనప్పుడల్లా బిగించింది ఆవిడే.

చేతుల్లో కాల్చిన కొమ్ములు పట్టుకున్నవాళ్లకి చెబుతున్నా. ఆ ఊపు నా కర్రది కాదు, చచ్చినవాడిది కాదు. మగ్గమూ ఉయ్యాలా పుట్టకముందే మీ ఒళ్లల్లో పుట్టినది. దాన్ని కాల్చకండి, ముందు చూడండి.

వనజని బడిలో వేసిన ఏడు, ఒక సెలవు మధ్యాహ్నం, పిల్ల నా మీద వాలి, ఊగకుండానే నిద్రపోయింది. చప్పుడు రాలేదని మాణిక్యం చేతిలో నూలు చుడుతున్న కండె వదిలేసి పరుగెత్తుకొచ్చింది. ముక్కు దగ్గర వేలు పెట్టి చూసింది. ఊపిరి హాయిగా ఆడుతోంది. కింద కూర్చుని, నా పట్టె మీద చెయ్యి వేసింది.

కాసేపటికి ఆ చెయ్యి నన్ను కొట్టసాగింది. మెల్లగా, అదే తాళంలో. ఆమెకి తెలియదు.