రెండో టేకు

ప్రసన్నకుమార్ తీసే డాక్యుమెంటరీ సినిమాల్లో స్క్రిప్టుండదు, నటులుండరు, రెండో టేకు అసలే ఉండదు. "నిజం ఒక్కసారే జరుగుతుందండీ" అంటాడు, దిల్‌సుఖ్‌నగర్ హోటల్లో కూర్చుని. వినేవాడు దొరికితే చాయ్ చల్లారినా లేవడు. ఇప్పటికి తీసినవి రెండు. చూసినవాళ్లను వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. అయినా ప్రవీణకు ఆయనంటే గురి. ఆయన వెంట మైకులు మోస్తూ తిరిగేది అందుకే.

లచ్చమ్మను ఒప్పించిందీ ప్రవీణే. సరూర్‌నగర్‌లో ఇద్దరివీ పక్కపక్క గదులు. ఎల్బీనగర్ చౌరస్తాలో పూలమ్ముకునే లచ్చమ్మ కళ్లెదుటే, ఏడాది కింద, కొడుకు బాల్‌రాజును లారీ గుద్దింది. ఆ సంగతి ఆమె ఎవరిముందూ నోరువిప్పి చెప్పుకోలేదు.

"నీకోసం చెప్తా బిడ్డా, గని ఒక్కపాలే. మల్ల మల్ల చెప్పుకుంట పోతే నా కొడుకు కథైపోతడు."

"ఒక్కపాలే పెద్దమ్మా. నాది జిమ్మేదారి" అంది ప్రవీణ.

ఆదివారం పొద్దున, అదే చౌరస్తా ఫుట్‌పాత్ మీద, మల్లెలు కడుతూ లచ్చమ్మ చెప్పింది. కొడుకు నీళ్లడిగాడు. ఆమె సీసా కోసం తన పూలబండి దాకా ఉరికింది. వచ్చేసరికి నోరు తెరిచే ఉంది, ప్రాణం లేదు. "నీళ్లకు పోకుండ ఆడ్నే కూసుంటే నా ఒళ్లెనన్న పానం పోతుండె" అంది. ఆపైన గొంతు పూడుకుపోయి, దారం పంటితో కొరికి ఊరుకుంది. హెడ్‌ఫోన్లలో ఆమె ఊపిరి వింటూ ప్రవీణ నోట్లో చున్నీ కుక్కుకుని ఏడ్చింది.

తీరా చూసుకుంటే ఏముంది! ఒక్క మాటా రికార్డు కాలేదు. ఆ రికార్డరు బటన్ రెండుసార్లు నొక్కాలి. ఒక్కసారి నొక్కితే మాట చెవుల్లో వినిపిస్తుంది గానీ లోపలికి ఎక్కదు. లచ్చమ్మ మొహమే చూస్తూ ప్రవీణ రెండో నొక్కు మరిచింది. అయ్యో, ఎంత పని చేసింది!

ప్రసన్నకుమార్ తల పట్టుకున్నాడు. ఇన్నాళ్లూ వల్లించిన సిద్ధాంతం గంగలో కలిసింది.

"లచ్చమ్మగారూ, ఇంకొక్కసారి చెబుతారా? అచ్చం ఇందాకటిలాగే."

"వద్దు సార్! మాటిచ్చిన" అని ప్రవీణ అడ్డం పడింది.

లచ్చమ్మ ఆమె ఏడుపు మొహం చూసి మెత్తబడింది. "పోనియ్ బిడ్డా. నా మూలంగ నీ పని ఖరాబ్ గావద్దు."

రెండోసారి, బస్సు హారన్ పోయేదాకా తనే ఆగి మొదలుపెట్టింది. ఇందాక గొంతు ఎక్కడ పూడుకుపోయిందో సరిగ్గా అక్కడే ఆగింది. దారం కొరికింది. కళ్లనీళ్లు కూడా వేళకు వచ్చాయి.

"అద్భుతం! మొదటిదానికన్నా బాగా వచ్చిందండీ" అన్నాడు ప్రసన్నకుమార్. ప్రవీణకు ఒళ్లు మండింది. ఆయన మీద కన్నా తన మీదే ఎక్కువ.

లచ్చమ్మ కొంగుతో మొహం తుడుచుకుని కెమెరా వైపు తిరిగింది.

"ఇంకోపాలి చెప్పాల్నా సార్? చెప్తా. ఇప్పుడేం నొస్తలేదు."