చేతితో చూపిన ఎత్తు

తారు వాసన.

ఉడుకు తారు, తడి కంకర, డీజిలు పొగ... పన్నెండేళ్ళు భూషణం ఆ వాసనతోనే ఇంటికొచ్చాడు. నాచారంలో పెంకుల కప్పు కింద ఒక్క గది. సబ్బుతో ఎంత రుద్దుకున్నా, కంచం ముందు కూర్చుంటే మళ్ళీ అదే.

తారామణికి అది అలవాటయింది. తర్వాత ఇష్టమయింది.

అతను రోడ్ల శాఖలో రోలరు నడిపేవాడు. పంతొమ్మిది వందల అరవై తొమ్మిది ఎండాకాలం ఉప్పల్ దాటి మేడిపల్లి వైపు రోడ్డు వేస్తున్నారు. మధ్యాహ్నం రోలరు ఆపాడు. దిగాడు. నీడకు నడుస్తూ — పడిపోయాడు. దవాఖానాకు చేరేలోపే...

అంతే.

దినాలు అయ్యాక ఆఫీసు నుంచి కబురొచ్చింది. పోయినవాడి ఇంటివాళ్ళలో ఒకరికి అటెండరు కొలువు ఇస్తారట. తారామణి అర్జీ పెట్టుకుంది. పిల్లలు లేరు. పుట్టింటి దారి ఎప్పుడో మూసుకుపోయింది. మిగిలింది ఆ గది, ఒక కుట్టు మిషను.

ఇంకో అర్జీ కూడా వచ్చింది. కీసర నుంచి.

అక్కడ అతనికి పెళ్ళాం ఉంది, ఈరమ్మ. కూతురుంది, సూర్యకళ. తారామణికి పసుపుతాడు కట్టకముందే చెప్పాడు. దాచలేదు. ఏటా శివరాత్రికి జాతరకని వెళ్ళి కూతుర్ని చూసొచ్చేవాడు. వెళ్ళేముందు గోడ పక్కన నిలబడి, గాలిలో అరచేయి చాపి చూపేవాడు.

"గింత అయ్యుంటది. జర పెద్దగనే కుట్టు."

తారామణి లంగా కుట్టేది. మొదటి ఏడు ఆ అరచేయి అతని నడుము దగ్గర. తర్వాత రొమ్ము దాకా. తర్వాత భుజం దాకా. ఆమె ఎన్నడూ చూడని పిల్ల — అతని అరచేతి కింద, గాలిలో పెరిగింది.

ఆఫీసులో హెడ్‌క్లర్కు జనార్ధనరావు సర్వీసు పుస్తకం తెరిచాడు. భార్య పేరు రాయాల్సిన గడి ఖాళీ. భూషణం ఎవరి పేరూ రాయించలేదు. రాయించలేకపోయాడేమో. ఆ ఖాళీని తారామణి చాలాసేపు చూసింది.

కీసరవాళ్ళకూ చిక్కుంది. సూర్యకళ మేనమామ ఇంట్లో పెరిగింది. బడి కాగితంలో తండ్రి పేరు ఉండాల్సిన చోట మేనమామ పేరుంది. ఈరమ్మ మంచం పట్టి రాలేదు. పిల్ల ఒక్కతే వచ్చి బల్లకు అటు చివర నిలబడింది.

జనార్ధనరావు కోస్తా మనిషి. మెల్లగా అడిగాడు.

"రేషను కార్డులో మీ పేరుందమ్మా. ఈ అమ్మాయి ఆయన కూతురని రుజువు లేదు. ఈమె మీకు తెలుసా?"

తెలియదంటే చాలు. అబద్ధం కూడా కాదు. ఆ ముఖం ఆమె ఎన్నడూ చూడలేదు.

తలెత్తింది. పిల్ల బెదిరి, కింది పెదవి లోపలికి లాక్కుంది. అచ్చం అతనిలాగే. ఎత్తు... సరిగ్గా అతని అరచేయి ఆగినంత.

"మొకం ఎరగ సారూ. గానీ ఆయన బిడ్డనే. ఏడాదికొక లంగ కుట్టి పంపిన. నాకు తెల్వదా?"

"ఆలోచించుకున్నారా? ఇది రాస్తే మీకు రాదు."

"రాయుండ్రి."

వంకర అక్షరాలతో సంతకం చేసింది. కొలువు సూర్యకళకు వచ్చింది.

సంతకం చేసిన రోజే, బయట మెట్ల మీద పిల్ల ఆగింది.

"అవి... సికింద్రాబాద్ల దర్జీ కుట్టిండని చెప్పేటోడు నాయిన."

తారామణి మెట్లు దిగింది. నాచారం దాకా నడిచే వెళ్ళింది. పన్నెండేళ్ళు. ఇక్కడ ఒక ఖాళీ గడి. అక్కడ ఒక పేరులేని దర్జీ.

వానలు మొదలయ్యాయి. ఉప్పల్‌లో కుట్టిన బట్టలు ఇచ్చి, ఒక సాయంత్రం తారామణి బస్సెక్కింది. కిటికీ పక్కన సూర్యకళ. ఒళ్ళో టిఫిను డబ్బా. ఆమెను చూసి జరిగింది, చోటిచ్చింది.

ఇద్దరూ వానను చూశారు.

నాచారం వచ్చింది. తారామణి లేచింది.

"జర పైలం..." అంది పిల్ల.

జాగ్రత్త చెప్పే ఆ మాట ముందు ఏదో ఒక పిలుపుండాలి. చిన్నమ్మా అనో. అక్కా అనో. పిల్ల పెదవులు కదిలాయి — వెతుకుతున్నట్టు. కండక్టరు గంట లాగాడు.

బస్సు వెళ్ళిపోయింది. తారామణి దిగిన చోటే నిలబడింది, తడుస్తూ... ఆ పిల్ల ఏమని పిలిచి ఉండేదో అనుకుంటూ.