పెరెగ్రిన్ అనే పేరు

తెల్లని పట్టీ ఏవిస్ మాబట్ వేళ్ల మధ్య నుంచి జారిపోతూనే ఉంది. అర అంగుళం వెడల్పైనా లేని ఆ నూలు పట్టీ మీద ఎర్రదారంతో నేసిన పేరు ఒక్కటే, మళ్లీ మళ్లీ వస్తోంది. డంకన్ ఫెయిర్‌లీ, డంకన్ ఫెయిర్‌లీ. ఆమె భూతద్దంలోంచి ఒక్కో అక్షరమూ చూసి, పోగు తెగినచోట కత్తిరించి, మంచివాటిని చుట్టచుట్టి డబ్బాలో వేస్తోంది. బడిలో మారిపోకుండా తల్లులు పిల్లల బట్టలకు కుట్టే పేర్లవి. సెప్టెంబరులో బడులు తెరుస్తారు, ఇది ఆగస్టు నెలాఖరు కావడంతో కోవెంట్రీలోని ఆ నేతశాలలో ఊపిరి సలపడం లేదు.

సన్నని మనిషి. కత్తెర ఒరుసుకుని కుడి బొటనవేలి మీద కాయ కాసింది. పట్టీ కదులుతుంటే పెదవులూ కదులుతాయి, జపం చేస్తున్నట్టు. కిటికీ ఎండలో నూలు ధూళి తేలుతోంది. ఇలాంటి మధ్యాహ్నాల్లో ఆమెకు ఈ పేర్లన్నీ ఒక ఏరు అనిపించేది. తను ఒడ్డున కూర్చుని చూస్తోందంతే. పిల్లలు మాత్రం ఎప్పుడూ కనబడరు.

ఎదుటి కుర్చీలో ఇదే పని చేసే లొరెయిన్‌కు ఏడో నెల. కడుపు బల్లకు ఆనుతోంది.

“ఏవిస్ ఆంటీ, మా అత్తగారు డారెన్ అని పెట్టమని ఒకటే పోరు. మా వీధిలో ఇప్పటికే నలుగురు డారెన్లున్నారు. సాయంత్రం టీకీ తిండికీ రమ్మని కేకేస్తే నలుగురూ వచ్చి కూర్చుంటారు.”

“కూర్చోనీ. ఇంకో నాలుగు గుడ్లు వేయించు.”

“ముప్పై ఏళ్లబట్టి పేర్లే చూస్తున్నావ్. మంచిదొక్కటి చెప్పొచ్చుగా! మరీ ఇంత పిసినారితనమా?”

“కన్నదానివి నువ్వు. నువ్వే వెతుక్కోవాలి తల్లీ.”

ఆ రోజు ఏవిస్‌కు పనిలో ఆఖరి రోజు. విరమించేవాళ్లకు వాళ్ల పేరే ఆరు డజన్లు నేసి ఇవ్వడం అక్కడి ఆచారం. ఏం నేయాలో, ఏ రంగులో నేయాలో వాళ్లే చిట్టీ మీద రాసివ్వాలి. కిందటేడు వెళ్లిన మేస్త్రీ తన పేరు బంగారురంగులో నేయించుకుని టోపీకి కూడా కుట్టుకున్నాడు. ఏవిస్ చిట్టీ పొద్దుటినుంచీ టీకప్పు కింద ఖాళీగానే ఉంది.

ముప్పైఒక్క ఏళ్ల క్రితం, ఇదే బల్ల దగ్గర, కడుపుతో ఉన్నప్పుడు ఆమె చేతికి ఒక పట్టీ వచ్చింది. ఎవరో దొరబిడ్డది. పెరెగ్రిన్. ఎన్నడూ వినని పేరు. నోట్లో పెట్టుకుంటే పంచదార బిళ్లలా నెమ్మదిగా కరిగింది. ఆదివారం ప్రార్థన అయ్యాక ఫాదరుగారిని అడిగింది. “లాటిన్ మాటమ్మా. సొంత ఊరు విడిచి దేశాలు పట్టిపోయేవాడు, యాత్రికుడు అని అర్థం. ఆ పేరుతో పూర్వం ఒక పుణ్యపురుషుడు కూడా ఉన్నాడు” అన్నారాయన. భర్త సిరిల్ మాత్రం పడీపడీ నవ్వాడు. “కార్ల ఫ్యాక్టరీలో బోల్టులు బిగించేవాడి కొడుక్కి పెరెగ్రినా! బళ్లో మొదటిరోజే తన్ని పంపిస్తారే వాణ్ణి.” నవ్వి నవ్వి, రాత్రి ఆమె పొట్ట మీద చెయ్యివేసి, “ఏరా పెరెగ్రిన్ దొరా, తిన్నావా?” అని అడిగాడు.

బిడ్డ ఏడవకుండా పుట్టాడు. నర్సు దుప్పటిలో చుట్టి, తల్లికి చూపకుండానే తీసుకుపోయింది. ఎక్కడ పాతిపెట్టారో చెప్పలేదు. అడగకూడదేమో అనుకున్నారు. అప్పట్లో అలాంటి బిడ్డల నమోదు కాగితంలో పేరుకు గడే ఉండేది కాదు. బాప్తిస్మం లేని బిడ్డకు చదివే ప్రార్థన తన పుస్తకంలో లేదని ఫాదరుగారు తలవంచుకుని చెప్పారు. ఆ తర్వాత సిరిల్ ఆ పేరు ఎత్తలేదు. అతనూ పోయి ఆరేళ్లయింది. ఏవిస్ ఏ ఆదివారమూ గుడి మానలేదు. ప్రతి నక్షత్రాన్నీ దేవుడు పేరుపెట్టి పిలుస్తాడని అక్కడ విన్నప్పుడల్లా ఒక్క సందేహం మాత్రం వచ్చేది: నేను వాణ్ణి ఒక్కసారీ పిలవని పేరు ఆయనకెలా తెలుస్తుంది? రేపు నేను పోతే, ఆ పేరు ఒకడిదని చెప్పేవాళ్లెవరు?

టీకప్పు పక్కకు జరిపి చిట్టీ మీద రాసింది. ఆకుపచ్చ రంగు అని కింద రాసి, మగ్గాల గదికి వెళ్లే తట్టలో పడేసింది.

మూడింటికి మగ్గాల గది తలుపు తెరుచుకుంది. చప్పుడుతోపాటు మగ్గం నడిపే గ్లెనిస్ లోపలికొచ్చింది, చేతిలో పచ్చక్షరాల చుట్టతో.

“చిట్టీలు కలిపేశారే ఎవరో! ఆంటీ చుట్టలో ఇంకెవరి పేరో పడింది. ఆరు డజన్లూ నేసేశాక చూశాను, నా కళ్లు మండా! ఇంతకీ ఈ పెరెగ్రిన్ మాబట్ ఎవరు?”

“ఎవడో జమీందారయ్యుంటాడు” అని ఎవరో నవ్వారు.

ఏవిస్ కత్తెర కింద పెట్టింది.

“మా అబ్బాయి” అంది.

నవ్వు ఆగిపోయింది. గ్లెనిస్ చుట్టను రెండు చేతులతో పట్టుకొచ్చి బల్లమీద పెట్టింది. “తప్పేం పడలేదుగా, ఆంటీ? అక్షరాలు సరిగ్గా ఉన్నాయా?”

ఏవిస్ భూతద్దంలోంచి చూసింది. “ఒక్క పోగైనా తెగలేదమ్మా.”

లొరెయిన్ మెల్లగా అడిగింది. “ఎంత బాగుందో. ఆంటీ, మావాడికి పెట్టుకోనా?”

ఏవిస్ ఆమె కడుపువైపు చూసింది. ఇచ్చేస్తే ఆ పేరు వీధిలో పరుగెత్తుతుంది. టీకి పిలిస్తే పలుకుతుంది. ఆ పిలుపు ఆమెకు వినిపించినట్టే అయింది.

“వద్దు తల్లీ. నీవాడికి వాడిది వెతుకు. ఇది మావాడిది. వాడికున్నది ఇదొక్కటే.”

“అవున్లే ఆంటీ” అంది లొరెయిన్, ముక్కు తుడుచుకుంటూ. “పోనీ, ఆఖరి రోజు కదా, నీకేం కావాలి?”

“సూదీ దారం ఉంటే ఇయ్యి.”

వీడ్కోలు కేకు కోసేదాకా ఏవిస్ కిటికీ దగ్గర వీపు తిప్పి కూర్చుని ఏదో కుట్టుకుంది. అయిదున్నరకు అందరినీ కావలించుకుని, మిగిలిన చుట్టను చేతిసంచిలో వేసుకుని, రోజూ ఎక్కే బస్సే ఎక్కింది.

లొరెయిన్ దీపాలు ఆర్పడానికి వెళ్లింది. తలుపు పక్క కొక్కేనికి ఏవిస్ నీలం పనికోటు వేలాడుతోంది. మెడ లోపలివైపు, ప్రతి తల్లీ కుట్టే చోట, సన్నని కుట్లతో ఆకుపచ్చని పేరు.