పిన్ని సొంత గొంతు

నలభై దాటినా పేటలో ఆమె అందరికీ సినిమా పిల్లే. సినిమా అంటే పాటలూ ఫైట్లూ అనుకునేరు. ఎవరూ అడగని, ఎవరూ పైసా పెట్టని డాక్యుమెంటరీలు. ఈసారి తీసింది సొంత పేట గురించే, నూలుమిల్లు దుమ్ము మింగి బతికిన ఆడవాళ్ళ గురించి. మిల్లు చరిత్ర అచ్చేసిన పుస్తకంలో యజమాని కుక్కకి కూడా ఫొటో ఉంది, వీళ్ళ ఊసు మాత్రం లేదు.

సినిమాకి ప్రాణం ఆమె పిన్ని. దుమ్ముకి ఆవిడ గొంతు ఎప్పుడో పాడైంది. చివరికి పుండు లేచింది. కోసేస్తే తప్ప బతకదనీ, కోశాక మాట రాదనీ డాక్టర్లు తేల్చేశారు. ఆపరేషన్‌కి ముందు పిన్నే కబురు పెట్టింది.

"కెమెరా పట్టుకురావే. నా గొంతు దాంట్లోనైనా ఉంటుంది. తర్వాత ఎలాగూ మూగదాన్నే."

పాలు చేపుకొచ్చి రవిక తడిసిపోతున్నా బిడ్డకి పాలివ్వడానికి మిల్లులోంచి వదలని రోజుల గురించి దగ్గుతూ, నవ్వుతూ చెప్పింది. కెమెరా వెనక సినిమా పిల్లకి ఏడుపు ఆగలేదు.

ఆ సినిమా పట్టుకుని ఎన్ని గడపలు తొక్కిందో! చివరికి ఓ ఛానల్ మేనేజర్ కరుణించాడు.

"కథ అదిరింది మేడమ్. ఆ గొంతే... జనం భరించలేరు. డబ్బింగ్ చెప్పిద్దాం."

"సినిమా అంతా ఆ గొంతే కదండీ."

"మాటలు అవే ఉంటాయిగా. వద్దంటే వదిలేద్దాం."

ఆమె తలూపింది. పేట కథ బయటికొస్తే చాలులే అని తనకి తనే సర్దిచెప్పుకుంది. అలా సర్దిచెప్పుకోవడం ఎవరికైనా వస్తుంది. పిన్నికి చెప్పడానికి మాత్రం నోరు రాలేదు.

ప్రసారం రోజు పిన్ని ముందుగది కిక్కిరిసింది. టీవీలో పిన్ని పెదవులు కదిలాయి. తేనెలూరే పడుచు గొంతు పలికింది. పిన్ని దగ్గిన చోటల్లా వేణువు.

"ఎంత చక్కగా మాట్లాడావు అత్తా," అంది పక్కింటావిడ.

పిన్ని సినిమా పిల్ల వైపు చూసింది. తిట్టినా బాగుండేది. తిట్టడానికి ఆవిడ దగ్గర ఇంకేం మిగిలింది గనక?

సినిమా అయిపోగానే ఆమె ఆగలేక లాప్‌టాప్ తెరిచింది.

"కాసేపు కూర్చోండి. అసలుది వినండి."

గరగరలాడుతూ పిన్ని గొంతు లేచింది. పిన్ని కుర్చీలో ముందుకు వంగింది, మొహం వెలిగిపోయింది. గదిలో ఒకళ్ళిద్దరు లేచారు. పిన్ని కోడలు అన్నం గిన్నెతో వచ్చి నిలబడింది.

"ఏమీ అనుకోకు వదినా. పిల్లలు తినే వేళ. ఆ దగ్గు వింటుంటే కడుపులో తిప్పుతోంది. టీవీలోదే బాగుంది."

కొడుకు ఫోన్లోంచి తలెత్తలేదు.

లాప్‌టాప్‌లో పిన్ని కథ చెబుతూ, అప్పట్లో తన చెంగు పట్టుకున్న మేస్త్రీని చెప్పుతో కొట్టబోయే చోటికి వచ్చింది. ఆ మాట పూర్తి కాకుండానే పిన్ని చెయ్యి చాచి మూత దించేసింది. తర్వాత కోడలి చేతిలో గిన్నె అందుకుని పిల్లలకి అన్నం వడ్డించింది.